‘కట్టించాడు’ అన్న మాటలో ఎవరున్నారు?

నవలకి, కథకి, పాటకి, చివరికి సినిమా పోస్టరుకి కూడా మన దగ్గర విమర్శ ఉంది. టూరిస్టు గైడు చెప్పే కథకి మాత్రం లేదు. దాన్ని సమాచారం అనుకుని విని వచ్చేస్తాం. నిజానికి అది ఒక మౌఖిక ప్రక్రియ. దానికి రచయిత ఉండడు, అచ్చు ప్రతి ఉండదు. నోటి నుంచి నోటికి పోతూ అరిగి, నునుపుదేరి, ఒక రూపానికి వస్తుంది. ఎన్ని అచ్చులు పడ్డ నవలకైనా లేనంతమంది శ్రోతలు దానికి ఉంటారు. తాజ్‌మహల్ దగ్గరైనా, గోల్కొండలోనైనా, హంపీలోనైనా ఆ కథ నడక ఒకటే. ముందు అంకెలు: ఇంత పొడవు, ఇంత ఎత్తు, ఇన్నేళ్లు. తరవాత ఒక మహాపురుషుడు. ఆ వెంటనే ఒక అద్భుతం, చివర ఒక ‘అతి పెద్ద’. ప్రతి కట్టడమూ ఆసియాలోనో ప్రపంచంలోనో దేంట్లోనో ఒకదాంట్లో మొదటిదో రెండోదో అయి తీరుతుంది.

తెలుగులో ఈ కథకి మన వ్యాకరణం ఒక ప్రత్యేక సౌకర్యం కల్పించింది. ‘కట్టు’ అన్న ధాతువుకి ‘ఇంచు’ చేర్చితే ‘కట్టించు’ అవుతుంది. ఫలానా రాజు గుడి కట్టించాడు, ఫలానా రాణి చెరువు తవ్వించింది, ఫలానా దొర బడి కట్టించాడు. చిన్నప్పుడు బళ్లో దీన్ని ప్రేరణార్థకం అని నేర్చుకున్నాం. ఒకరు చేస్తారు, మరొకరు చేయిస్తారు. వాక్యంలో కర్త స్థానం చేయించినవారిదే. చేసినవారిని చెప్పాలంటే ‘చేత’ అని అదనంగా ఒక మాట తగిలించాలి. అదనం కాబట్టి ఎవరూ తగిలించరు. అలా తగిలించనందువల్ల వాక్యం తప్పు కాదు, అసంపూర్ణమూ కాదు, వినడానికి హాయిగానే ఉంటుంది. అట్లా అన్ని కాలాల కూలీలనూ ఏ కుట్రా లేకుండా, ఒక ప్రత్యయం చాటున దాచేయగలిగాం.

ఈ ఆలోచన నాకు 2025 ఫిబ్రవరిలో మెదక్ కేథడ్రల్ చూస్తున్నప్పుడు స్పష్టపడింది. మాది శ్రీకాకుళం జిల్లా. చదువూ పరిశోధనా ఎక్కువగా విజయనగరం, విశాఖల్లో సాగాయి. మా వైపు క్రైస్తవం కెనడియన్ బాప్టిస్టు మిషన్ ద్వారా వచ్చింది. శ్రీకాకుళం, బొబ్బిలి, విజయనగరం, పాలకొండ, టెక్కలి - ఈ ఊళ్లలో మిషన్ బళ్లు, ఆస్పత్రులు, ప్రార్థన మందిరాలు పెట్టారు. నేను చూసినంతలో అవి సాదా కట్టడాలు. తలెత్తి చూడాల్సిన గోపురాలు, రంగుటద్దాల కిటికీలు, రాతి కమానులు ఉన్న గోథిక్ చర్చి చూడాలంటే మేం తెలంగాణకి వెళ్లాలి. హైదరాబాదు నుంచి సుమారు వంద కిలోమీటర్ల దూరంలో, మెదక్‌లో ఉంది అది. 2024 డిసెంబర్ 25 నాటికి దానికి వందేళ్లు నిండాయి.

నాతో పాటు మా చిన్నమ్మ వచ్చింది. మా అమ్మ చెల్లెలు. 1990ల చివర్లో భర్తతో హైదరాబాదు వలస వెళ్లి, మాదాపూర్, గచ్చిబౌలి వైపు మేడలు లేస్తున్న రోజుల్లో పన్నెండేళ్లు కట్టుబడి పనికి పోయింది. శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల నుంచి, పాలమూరు నుంచి వచ్చిన కూలీల చేతులు పడకుండా ఆ మేడల్లో ఏదీ లేవలేదంటే అతిశయోక్తి కాదు. ఆమె తట్ట మోసిన మనిషి. నేను సాహిత్యంలో డాక్టరేటు చేసిన మనిషిని. ఇద్దరం ఒకే కట్టడాన్ని చూశాం. ఎవరు ఏం చదివాం అన్నది ఈ వ్యాసానికి ముఖ్యమైన విషయం.

కట్టడం వివరాలు క్లుప్తంగా చెబుతాను. చార్లెస్ వాకర్ పోస్నెట్ వెస్లియన్ మెథడిస్టు మిషనరీ. 1890ల చివర్లో మెదక్ చేరాడు. పెద్ద చర్చి పని 1914లో మొదలైంది. 1924 క్రిస్మస్ రోజున ప్రతిష్ఠ జరిగింది. ప్లాను ఇంగ్లండులోని బోల్టన్ పట్టణపు బ్రాడ్‌షా, గాస్ అండ్ హోప్ సంస్థది. సుమారు 200 అడుగుల పొడవు, 100 అడుగుల వెడల్పు, గంటల గోపురం 175 అడుగుల ఎత్తు. ఒకేసారి 5,000 మంది కూర్చోవచ్చంటారు. 1947లో దక్షిణ ఇండియా సంఘం ఏర్పడినప్పటి నుంచి ఇది ఆ సంఘపు మెదక్ డయోసిస్‌కి పీఠం. ఎండ పొద్దున కిటికీ అద్దాల్లోంచి దిగి నేల పలకల మీద పరుచుకుంటే, నాస్తికులు కూడా కాసేపు మాట్లాడకుండా నిలబడిపోతారు. అంత అందమైన కట్టడం.

మమ్మల్ని తిప్పి చూపించిన పెద్దాయన మంచి కథకుడు. మెల్లగా, ఆగుతూ, ఎక్కడ తలెత్తాలో ఎక్కడ వెనక్కి తిరగాలో సమయానికి చెబుతూ నడిపించాడు. ఆయన చెప్పిన కథ మెదక్ గురించి చదివినవాళ్లకీ విన్నవాళ్లకీ తెలిసిందే. మొదటి ప్రపంచ యుద్ధ కాలం. కరువు. తిండి లేక జనం చచ్చిపోతున్నారు. ఊరికే అన్నం పెడితే మనుషుల ఆత్మగౌరవం దెబ్బ తింటుందని దొర చర్చి పని పెట్టించాడు. పదేళ్లు వేలమంది బతికారు.

“అప్పట్ల తిననీకి లేకుండె అమ్మా. దొర గీ పని పెట్టిచ్చి అందరికి అన్నం పెట్టిండు,” అన్నాడాయన.

అప్పటిదాకా గోడ రాళ్ల అతుకుల్ని చేత్తో తడిమి చూస్తున్న మా చిన్నమ్మ వెనక్కి తిరిగి అడిగింది: “అన్నం ఎట్టినాడా, కూలిచ్చినాడా బావూ?”

ఆయన ఒక్క క్షణం ఆగాడు. కోపగించుకోలేదు. నవ్వేయలేదు కూడా. “పని చేస్తెనే గదమ్మా ఇచ్చేది... కూలే అనుకో,” అన్నాడు.

నా ఉద్దేశంలో గైడు కథ మీద ఇంతకు మించిన విమర్శ ఇంకోటి అక్కర్లేదు. ‘అన్నం పెట్టాడు’, ‘కూలి ఇచ్చాడు’ - రెండూ ఒకే గింజల గురించి చెప్పే వాక్యాలే. మొదటి దాంట్లో ఒక దాత, కొందరు దీనులు కనిపిస్తారు. రెండో దాంట్లో పని చేయించుకున్నవాడు, పని చేసినవాళ్లు ఉన్నారు. మొదటి వాక్యంలో చర్చి దొర ఇచ్చిన కానుక. రెండో వాక్యంలో అది వేలమంది చేసిన పని. ధాన్యం అందుకున్న చేతులే రాయి ఎత్తాయి. కథ మాత్రం ఆ చేతులు చాచడాన్ని గుర్తు పెట్టుకుని, ఎత్తడాన్ని మరిచిపోయింది.

కరువు పనిని దయగా చెప్పుకోవడం మెదక్‌తో మొదలు కాలేదు. 1876-78 నాటి ధాత కరువులో మద్రాసు ప్రెసిడెన్సీ ప్రభుత్వం కరువు పనులు పెట్టింది. అప్పుడు రిచర్డ్ టెంపుల్ అనే అధికారి నిర్ణయించిన రేటు, మగమనిషికి రోజుకి ఒక పౌను ధాన్యం, ఒక అణా. ఆడవాళ్లకీ, పని చేసే పిల్లలకీ అంతకన్నా తక్కువ. ఆ రోజుల్లో మా ప్రాంతం గంజాం, విశాఖపట్నం జిల్లాలుగా ఆ ప్రెసిడెన్సీలోనే ఉండేది. మెదక్ నిజాం రాజ్యంలోది, పని మిషన్‌ది కాబట్టి ఆ రేటు ఇక్కడ వర్తించదు. నేను చెప్పేది ఏమిటంటే, కరువు పనికి ఎప్పుడూ ఒక రేటు ఉంటుంది. రేటు ఉన్న చోట ఆడదాని రేటు వేరుగా ఉంటుంది. దయకి రేటు ఉండదు కాబట్టి, కథని దయగా చెప్పినప్పుడు ఆ తేడా ఎవరికీ కనపడదు.

చిన్నమ్మకి ఆ తేడా వంటి మీద తెలిసిన విషయం. ఆమె కూలికి పోయిన రోజుల నాటికి సమాన వేతన చట్టం వచ్చి ఇరవై ఏళ్లు దాటింది. అది 1976 చట్టం. అయినా ఆమె పని చేసిన చోట జంటకింత అని లెక్క. వారం చివర డబ్బు మా చిన్నాన్న చేతికి వెళ్లేది. పన్నెండేళ్లలో తన కూలి ఎంత అన్నది ఆమెకి విడిగా తెలిసిన రోజు లేదు. తిరిగి ఊరొచ్చాక, 2005 నాటి ఉపాధి హామీ చట్టం కింద చెరువు పనికి వెళ్లినప్పుడు మస్టరులో తన పేరు తనదిగా, మగవాళ్లతో సమానమైన రేటుతో చూసుకుంది. “నా పేరెట్టి రాసినారే అమ్మీ,” అని ఆ రోజు నాకు ఫోన్ చేసింది. సాహిత్యంలో అస్తిత్వం గురించి నేను చదివిన పుస్తకాలన్నీ ఒక ఎత్తు, ఆ ఫోను ఒక ఎత్తు.

ఇక్కడ ఒక అభ్యంతరం రావాలి. అది సరైన అభ్యంతరం కూడా. మిషనరీ కథని వలసవాదమని కొట్టిపారేయడం అగ్రకుల పరిశోధకులకి చాలా సులువు. ఈ ప్రాంతంలో మిషన్‌లో చేరినవాళ్లలో అత్యధికులు మాలలు, మాదిగలు. ఊరి గుడి గడప దాటనివ్వని మనుషులు, ఊళ్లో అందరికన్నా ఎత్తైన కట్టడంలోకి ముందు ద్వారంలోంచి నడిచి వెళ్లి కూర్చున్నారు. ఆ ఎత్తుకి అర్థం ఉంది. చార్మినారు కన్నా ఎత్తన్న మాట మెదక్‌లో అంత ఇష్టంగా చెప్పుకోవడం వెనక ఈ చరిత్ర ఉంది. గోగు శ్యామల సంకలనం ‘నల్లపొద్దు’ 2003లో వచ్చినప్పటి నుంచి దళిత స్త్రీల రచనల్ని పక్కన పెట్టి తెలుగు స్త్రీవాదం మాట్లాడటం కుదరదు. చర్చి, మిషన్ బడి, నర్సు ఉద్యోగం దళిత స్త్రీల జీవితాల్లో ఏం మార్చాయో చెప్పాల్సింది వాళ్లే. కాబట్టి మెదక్ కథలో దొరని విలన్ చేయడం నా పని కాదు. నా వాదన ఆ గౌరవాన్ని పెంచడానికే. ఆ గోడ వాళ్లకి ఎవరో పెట్టిన భిక్ష కాదు, వాళ్లు సొంత చేతులతో కట్టుకున్నది. ‘అన్నం పెట్టాడు’ అన్న వాక్యం ఆ కట్టుకున్న గర్వాన్ని వాళ్ల దగ్గర్నుంచి లాక్కుంటుంది.

ఇక కిటికీల సంగతి. కేథడ్రల్‌లో మూడు పెద్ద రంగుటద్దాల కిటికీలున్నాయి. ఆరోహణం 1927లో, యేసు జననం 1947లో, సిలువ 1958లో అమర్చారు. వాటి రూపకర్త ఇంగ్లండు చిత్రకారుడు ఫ్రాంక్ సాలిస్‌బరీ. బయట వెలుగున్నంతసేపే బొమ్మలు కనిపిస్తాయి, చీకటి పడితే అద్దం నల్లబడుతుంది అని గైడు చెబుతాడు. అందరం ఆశ్చర్యపోతాం. నేను మాత్రం ఆ మూడు ఘట్టాల మధ్య ఖాళీని చూస్తూ ఉండిపోయాను. జననం, మరణం, ఆరోహణం. సిలువకీ ఆరోహణానికీ మధ్య సువార్తల్లో ఇంకొక ఘట్టం ఉంది, అది తెల్లవారుజామున ఖాళీ సమాధి. నాలుగు సువార్తల్లోనూ ఆ వార్త మొదట తెలిసింది ఆడవాళ్లకే. శవానికి పూయడానికి సుగంధ ద్రవ్యాలు మోసుకుని వెళ్లిన ఆడవాళ్లు పరుగున వచ్చి చెబితే, శిష్యులు వాళ్ల మాట నమ్మలేదని లూకా రాశాడు. స్త్రీ సాక్ష్యం మీద నిలబడిన ఘట్టం ఆ మూడు కిటికీల్లో లేదు. దీన్ని చిత్రకారుడి కుట్ర అనను. మూడే కిటికీలున్నప్పుడు ఏ మూడు ఘట్టాలు ‘ముఖ్యం’ అనిపిస్తాయన్నది ఒక అలవాటు. ఆ అలవాటునే మనం పితృస్వామ్యం అంటున్నాం. ఆ అద్దాల్లో స్త్రీ ఉంది, తల్లిగా. సాక్షిగా లేదు, మోసుకొచ్చిన మనిషిగా లేదు.

అయితే ఖాళీ కనిపించగానే దాన్ని ఒక నాయికతో నింపేయాలనిపించడం మన స్త్రీవాదుల బలహీనత. దీనికి గోథిక్ కేథడ్రల్స్ చరిత్రలోనే ఒక మంచి ఉదాహరణ ఉంది. ఫ్రాన్సులోని స్ట్రాస్‌బర్గ్ కేథడ్రల్‌కి ఎర్విన్ ఫాన్ స్టైన్‌బాఖ్ అనే ప్రసిద్ధ స్థపతి ఉండేవాడు. ఆయనకి సబీనా అనే కూతురుందనీ, దక్షిణ ద్వారం దగ్గరి గొప్ప శిల్పాలు ఆమె చెక్కిందనీ చాలాకాలం చెప్పుకున్నారు. ఒక శిల్పం చేతిలోని చుట్ట మీద ‘సవీనా’ అన్న పేరు ఉండేదన్నది ఆధారం. 19వ శతాబ్దంలో స్త్రీల హక్కుల కోసం పోరాడినవాళ్లకి సబీనా ఒక పతాక అయింది. తీరా చూస్తే ఆ శిల్పాలు ఎర్విన్ కన్నా చాలా ముందు కాలానివని కళాచరిత్రకారులు తేల్చారు. ఆ సవీనా బహుశా డబ్బిచ్చిన దాత అయి ఉంటుందని వాళ్ల అభిప్రాయం.

ఈ కథలో నన్ను ఆకర్షించేది పొరపాటు కాదు, అది జరిగిన తీరు. రాతి మీద ఒక స్త్రీ పేరు దొరికింది. ఆమెను గొప్పదాన్ని చేయడానికి ముందు ఒక గొప్ప తండ్రిని వెతికిపెట్టారు. మేస్త్రీ కూతురైతేనే ఆమె శిల్పి కాగలదు. అంటే నాయికని ప్రవేశపెట్టినా కథ నడక మారలేదు, మహాపురుషుడి పక్కన మహాపురుషుడి కూతురు నిలబడిందంతే. అదే కాలంలో, అదే ఐరోపాలో వేలాది స్త్రీలు నిజంగానే కట్టుబడి పనిలో ఉన్నారు. వాళ్లు దంతకథల్లో లేరు, పద్దుల్లో ఉన్నారు. జర్మనీలోని వూర్జ్‌బర్గ్ పట్టణపు 15వ శతాబ్దం కూలి లెక్కల్లో దినకూలీ ఆడవాళ్లు పెద్దసంఖ్యలో కనిపిస్తారు. ఫ్రాన్సు, స్పెయిన్ కట్టడాల లెక్కల్లో కూడా రాళ్లు, నీళ్లు, సున్నం మోసిన ఆడవాళ్లున్నారు. కూలి మాత్రం మగవాళ్ల కన్నా తక్కువ.

గోథిక్‌ని శ్రమ కోణంలోంచి చూసినవాళ్లు లేకపోలేదు. జాన్ రస్కిన్ 1853లో, ‘స్టోన్స్ ఆఫ్ వెనిస్’ రెండో సంపుటంలో, గోథిక్ గొప్పతనమంతా పనివాడి స్వేచ్ఛలో ఉందన్నాడు. చెక్కడంలోని మొరటుతనం, లోపాలు పనివాడి మనసు పనిచేసిందనడానికి గుర్తులన్నాడు. కానీ ఆయన చూసినది ఉలి పట్టిన చేతిని. ఉలికి ఒక గుర్తు మిగులుతుంది, తట్టకి మిగలదు. మోసిన సున్నం మీద మోసినవాళ్ల వేలిముద్ర ఉండదు. విశాఖలో పుట్టిన మన శ్రీశ్రీ తాజ్‌మహల్ కూలీల గురించి వేసిన ప్రశ్న తెలుగు వాళ్లందరికీ నోటికి వచ్చు. మెదక్‌లో నిలబడితే ఎవరికైనా మొదట గుర్తొచ్చేది అదే. ఆ ప్రశ్న లేకపోతే ఈ వ్యాసమూ లేదు. కాకపోతే ‘కూలీలు’ అన్న మాట దగ్గర ఆ ప్రశ్న ఆగింది. తెలుగు దేశంలో ఎక్కడ కట్టుబడి జరిగినా తాపీ మగవాడిది, తట్ట ఆడదానిది. తాపీ పని నైపుణ్యం, తట్ట మోత చాకిరీ. ఒకటి నేర్చుకున్నది, ఇంకోటి ‘ఎవరైనా చేసేది’. పన్నెండేళ్లు పని చేసినా మా చిన్నమ్మ చేతికి తాపీ రాలేదు. గోడ రాళ్ల అతుకు చూసి సున్నం ఎంత మెత్తగా నూరారో చెప్పగలదు. అయినా ఆమె మేస్త్రీ కాలేకపోయింది.

ఇది క్రైస్తవ కట్టడాల సమస్యే అనుకుంటే మన ఊరి గుళ్లను మనం చదవనట్టే. మా జిల్లాలో శ్రీముఖలింగం, శ్రీకూర్మం ఉన్నాయి. తూర్పు గాంగుల కాలం నాటివి మొదలుకుని వందల శాసనాలున్నాయి అక్కడ. వాటిలో స్త్రీల పేర్లు తక్కువేం కాదు. రాణులు, అధికారుల భార్యలు, గుడి సానులు అఖండదీపాలకి దానాలిచ్చారు. స్త్రీల చరిత్ర రాసేవాళ్లకి అవి నిజంగా నిధి. కానీ రాయి ఎవరిని గుర్తు పెట్టుకుందో చూడండి. దీపం పెట్టిన ఆమె పేరు ఉంది. ఆ దీపానికి నెయ్యి ఇచ్చే ఆవుల్ని కాచిన ఆమె పేరు లేదు, స్తంభం పునాదికి మట్టి మోసిన ఆమె పేరు లేదు. శాసనం అంటేనే ఇచ్చినవాళ్ల కోసం చెక్కేది. స్ట్రాస్‌బర్గ్ సవీనా కూడా దాతే అయితే, ఖండాలు దాటి సూత్రం ఒకటే అన్నమాట. ఇచ్చిన స్త్రీ రాతికెక్కుతుంది, మోసిన స్త్రీ ఎక్కదు. ‘స్త్రీ’ అన్న ఒక్క మాటతో ఈ ఇద్దరినీ కలిపేస్తే మన విమర్శ కూడా ఒక గైడు కథే అవుతుంది.

మరి మోసిన స్త్రీని ఎక్కడ వెతకాలి? పద్దుల్లో వెతకాలి అంటాను. సాహిత్యం వాళ్లకి పద్దుతో ఏం పని అని అడిగేవాళ్లకి విజయనగరాన్ని గుర్తు చేస్తాను. గురజాడ ‘కన్యాశుల్కం’ వెనక ఒక జాబితా ఉంది. విజయనగరం మహారాజు ఆనందగజపతి శుల్కం పెళ్లిళ్ల వివరాలు సేకరింపజేశారు. మూడేళ్లలో 1,034 పెళ్లిళ్లు లెక్కకొచ్చాయని గురజాడే మొదటి ముద్రణ ఇంగ్లీషు పీఠికలో రాశారు. ఎవరూ చదవని చిట్టా అది. అందులో ఉన్నదల్లా అమ్ముడుపోయిన ఆడపిల్లలు. ఆ చిట్టాని అంకెలుగా వదిలేయకుండా అందులో మనుషుల్ని చూడగలిగిన చోటే ఆధునిక తెలుగు నాటకం పుట్టింది. కూలి పద్దుని కూడా అలా చదవగలగడం మన పని. చరిత్రకారులు అంకెలు కూడతారు, విమర్శకులం మనం వాక్యాన్ని చూడాలి. పేరు రాశారా, ‘ఫలానావాడి పెళ్లాం’ అని రాశారా, ‘ఆడవాళ్లు - ఇంతమంది’ అని సరిపెట్టారా? ఈ మూడు రాతల మధ్య తేడాలోనే స్త్రీల చరిత్ర ఉంది.

మెథడిస్టు మిషన్ దస్తావేజుల భాండాగారం లండన్‌లోని స్కూల్ ఆఫ్ ఓరియంటల్ అండ్ ఆఫ్రికన్ స్టడీస్‌లో ఉంది. అందులో మెదక్ మీద పనిచేయడానికి ఒక తెలుగు అమ్మాయికి ఫెలోషిప్ రావాలని నా కోరిక. ఆ అమ్మాయి మెదక్ చుట్టుపక్కల ఊళ్ల నుంచే వస్తే ఇంకా మంచిది. అంతదూరం వెళ్లకుండా చేయదగిన పని కూడా ఉంది. తెలంగాణ సాయుధ పోరాటంలో పాల్గొన్న స్త్రీల జ్ఞాపకాలతో స్త్రీశక్తి సంఘటన 1986లో ‘మనకు తెలియని మన చరిత్ర’ తెచ్చినప్పుడు, ఆ స్త్రీలు వృద్ధులై ఉన్నా ఇంకా మన మధ్య ఉన్నారు. మెదక్ చర్చి కట్టిన తరం వెళ్లిపోయింది. వాళ్ల మనవరాళ్లు, మునిమనవరాళ్లు ఉన్నారు. అమ్మమ్మ ఏం మోసిందో, ఏ పాట పాడుతూ మోసిందో, ఇంటికి ఎన్ని గింజలు తెచ్చిందో కొన్ని ఇళ్లలోనైనా మాటలుగా మిగిలి ఉంటాయి. మాటలు రాళ్లంత కాలం నిలవవు, ఆలస్యం చేయకూడదు.

మనం కేథడ్రల్ అంటున్న మాటకి మూలం కథీడ్రా, అంటే బిషప్ కూర్చునే పీఠం. కట్టడం ఎంత పెద్దదైనా ఆ పీఠం లేకపోతే అది కేథడ్రల్ కాదు. దక్షిణ ఇండియా సంఘంలో ఆ పీఠం మీద మొదటిసారి ఒక స్త్రీ కూర్చున్నది 2013లో. ఆమె పుష్పలలిత, తెలుగు మనిషి, నంద్యాల డయోసిస్‌కి బిషప్ అయ్యారు. మెదక్ ప్రతిష్ఠ జరిగిన దాదాపు 90 ఏళ్లకి. అది గొప్ప విజయం, అందులో సందేహం లేదు. ఏ గైడు కథలోనైనా చేరాల్సిన వాక్యం. అయితే పీఠం మీద కూర్చున్న స్త్రీ పేరు చెప్పినంత మాత్రాన పీఠం కింద రాళ్లు మోసిన స్త్రీ బాకీ తీరదు. శాసనాల్లోని రాణికీ, శాసనం లేని కూలికీ మధ్య ఉన్న దూరమే ఇక్కడా ఉంది. రెండూ చెప్పుకోవాలి, ఒకదాని బదులు ఇంకోటి కాదు.

గైడు కథ మారదు అనుకోనవసరం లేదు. అది మౌఖిక ప్రక్రియ, విన్నవాళ్లు అడిగే ప్రశ్నలతో మారుతుంది. అచ్చయిన పుస్తకానికి లేని వెసులుబాటు అది. ‘కూలే అనుకో’ అని ఆ పెద్దాయన అన్నప్పుడు, వందేళ్ల కథలో ఒక వాక్యం మా కళ్ల ముందే మారింది. దానికి చిన్నమ్మకి కావలసి వచ్చింది ఒక ప్రశ్న మాత్రమే. కరువు కాలంలో ఇక్కడి ఆడవాళ్లూ మగవాళ్లూ ఈ చర్చి కట్టారు, మిషన్ వాళ్లకి ధాన్యం కూలిగా ఇచ్చింది, దొర ప్లాను తెప్పించి దగ్గరుండి చూసుకున్నాడు. ఇందులో ఎవరినీ తగ్గించలేదు, దొరని కూడా. కర్త స్థానంలో కట్టినవాళ్లు వచ్చారు, ఒక ‘ఇంచు’ పోయింది. శ్రీముఖలింగం వెళ్లినా, విజయనగరం కోట చూసినా, పిల్లల్ని వెంటబెట్టుకుని గోల్కొండ ఎక్కినా మనం అడగగలిగిన ప్రశ్న ఇది. గైడు ‘కట్టించాడు’ అన్న చోట ఆపి, ఎవరి చేత అని అడగాలి. ఆడవాళ్లకి ఎంత ఇచ్చారని కూడా అడగాలి.